ఎస్. జహంగీర్ కూతురు

శంషాబాద్,
5 అక్టోబర్ 2025, ఆదివారం.

ప్రియమైన కీర్తనకు,

నబీలా నమస్కారాలు. ఇక్కడ అందరం బాగానే ఉన్నాం. నువ్వు అక్కడ వేళకు తింటున్నావని, తలనొప్పి మళ్లీ రాలేదని అనుకుంటున్నాను. విజయ ఆంటీ మొన్న మార్కెట్లో కనిపించారు. కాకరకాయలు ఏరుతూ, మా కీర్తనకు ఇవంటే గిట్టదు, హాస్టల్లో వారానికి రెండుసార్లు అవే పెడుతున్నారటమ్మా అన్నారు. నవ్వుతూనే అన్నారు కానీ, తర్వాత కాసేపు ఒక కాయ చేత్తో పట్టుకుని అలాగే నిలబడ్డారు. శ్రీరామమూర్తి అంకుల్‌కి కార్గో ఆఫీసులో మళ్లీ ఉదయం షిఫ్టు వచ్చిందట.

మీ కోచింగ్ హాస్టల్లో ఫోన్లు ఉంచుకోనివ్వరని, ఆదివారం పది నిమిషాలు మాత్రం ఇంటికి మాట్లాడనిస్తారని, ఉత్తరం వస్తే ముందు వార్డెన్ మేడమ్ చదివి ఇస్తారని ఆంటీయే చెప్పారు. అందుకే ఇది పోస్టులో పంపుతున్నాను. మేడమ్‌గారికి కూడా నమస్కారాలు. ఇందులో సినిమాలు లేవు, అబ్బాయిలు లేరు. కుల ధ్రువీకరణ పత్రం గురించి ఉంది.

నీ దగ్గర ఫోన్ ఉన్నా నేను ఫోన్లో చెప్పలేనని నీకు తెలుసు. టెన్త్‌లో సిస్టర్ నన్ను అసెంబ్లీలో ప్రార్థన చదవమంటే నా బదులు నువ్వే చదివావు. రాయడమైతే నాకు కొంచెం వచ్చు.

నువ్వు హాస్టల్‌కి వెళ్లే ముందు రోజు నాకొక మెసేజ్ పెట్టావు. మెడికల్ సీట్లకు దరఖాస్తు పెట్టినవాళ్ల మెరిట్ జాబితా వచ్చింది ఆ రోజే. అంకుల్ దాన్ని దించి చూస్తుంటే నా పేరు పక్కన బీసీ-బీ అని కనిపించిందని, సయ్యద్‌లమన్నావు కదే, మరి ఇదేంటి అని రాశావు. నేను జవాబు టైపు చేస్తుండగానే నీ ఫొటో మాయమైంది, నన్ను బ్లాక్ చేశావు. నన్ను అబద్ధాలకోరు అనుకుంటున్నావు. నేను అబద్ధం చెప్పలేదు. ఎలా చెప్పలేదో మొదటి నుంచి రాస్తాను.

జూన్‌లో మెడికల్ ఎంట్రన్స్ ఫలితాలు వచ్చిన సాయంత్రం మీ మేడ మీద కూర్చున్నాం. నీ మార్కులు నాకన్నా ఆరు ఎక్కువ. అయినా నీకు ఇక్కడ సీటు రాదని అప్పటికే తెలిసిపోయింది. తొమ్మిది నుంచి ఇంటర్ దాకా నాలుగేళ్లూ తెలంగాణలో చదివి ఉండాలి. నువ్వు పది దాకా నాతో చదివావు, ఇంటర్‌కి అంకుల్ నిన్ను విజయవాడ కాలేజీలో వేశారు. అక్కడ కోచింగ్ బాగుంటుందని వేశారు. ఇప్పుడు ఆ రెండేళ్ల వల్ల ఇక్కడ నాన్‌లోకల్. అక్కడ లోకల్ అవుదామంటే తొమ్మిది, పది ఇక్కడ చదివావు. అంకుల్ మెట్ల మీద నిలబడి, ముప్పై ఏళ్లుగా ఈ ఊళ్లో కరెంటు బిల్లు కడుతున్నానమ్మా, నా కూతురు ఎక్కడి మనిషని నన్నే అడుగుతున్నారు అన్నారు. ఎవరితో అన్నారో తెలియదు. నేను దగ్గర ఉన్నాను కాబట్టి తల ఊపాను.

అప్పుడు నువ్వు, నీకేంటే, లోకల్ ఉంది, కోటా కూడా ఉంది అన్నావు. నాకు కోటా లేదు, మేం సయ్యద్‌లం అన్నాను. నువ్వు నమ్మలేదు. ముస్లింలకు కోటా ఉంది కదా అన్నావు. అందరికీ లేదు. మా గల్లీలో షేక్‌లు చాలామంది బీసీ-ఈ కిందికి వస్తారు. సయ్యద్‌లు, పఠాన్‌లు రారు. నా టెన్త్ మెమో మీద సయ్యదా నబీలా అని ఉంది, నువ్వు చూశావు. పేద ఓసీలకిచ్చే కోటా కూడా మాకు రాదు. దానికి ఇంటి స్థలం వంద గజాల లోపు ఉండాలి, మాది నూట ఇరవై. ఇదంతా ఆ సాయంత్రమే చెప్పాలనుకున్నాను. అంతలో మాట వినపడకుండా నెత్తి మీద నుంచి విమానం పోయింది, తర్వాత నువ్వు కిందికి వెళ్లిపోయావు.

నా ర్యాంకు పోయిన ఏడాది లెక్కల ప్రకారం ఓపెన్‌లో సరిగ్గా అంచు మీద ఉంది. రావచ్చు, రాకపోవచ్చు. వచ్చే ఏడు తమ్ముడు రిజ్వాన్ ఇంటర్. నా కోచింగ్, వాడి కాలేజీ రెండూ ఎయిర్‌పోర్టులో అబ్బా నడిపే ఒక్క కారు మీద నడవవు. ఈ ఏడు సీటు వస్తే డాక్టరు, రాకపోతే ఇక్కడే బీఎస్సీ అని ఇంట్లో అనుకున్నాం. ఎవరూ ఏడవలేదు, మామూలుగానే అనుకున్నాం.

జూలై మొదట్లో అబ్బా నన్ను మీసేవకు తీసుకెళ్లాడు. అక్కడ కంప్యూటర్ దగ్గర కూర్చునే కొండల్ అబ్బాకు పాత పరిచయం. మా గల్లీల అందరికి ఇస్తున్నరు గదా అన్నా, మాకు జర చూడు అన్నాడు అబ్బా. కొండల్ నా మెమో చూసి, సయ్యద్ సాబ్‌లు పెద్దోళ్లు గదా, పెద్దోళ్లకు గిట్లాంటివి రావన్నా అని నవ్వాడు. అబ్బా లేవలేదు. మరి దూదేకులోళ్లకు అని అడిగాడు. అది బీ గ్రూపు, వాళ్లకు వస్తది, నీకెందుకన్నా గా ముచ్చట అన్నాడు కొండల్. ఊకెనే అడిగిన అన్నాడు అబ్బా.

నేను కూడా ఊరికే అడిగాడనుకున్నాను. దూదేకుల అంటే దూది ఏకి పరుపులు కుట్టే ముస్లింలని మాత్రం తెలుసు. వాళ్లు ఇంట్లో తెలుగు మాట్లాడతారని అమ్మీ వాళ్ల అన్న, పెద్ద మామూ ఎప్పుడో వెక్కిరిస్తుండగా విన్నాను.

తర్వాత రెండు రోజులు అబ్బా కారు తీయలేదు. మూడో రోజు పొద్దున శ్రీశైలం ట్రిప్పు ఉంది, పిల్లకు గాలి మారుతది, తీసుకపోతా అని అమ్మీకి చెప్పి నన్ను ఎక్కించుకున్నాడు. తుక్కుగూడ దాటాక రోడ్డు పక్కన ఆపాడు. ఇంజను ఆపలేదు. నా వైపు చూడకుండా, అద్దంలో ఖాళీ వెనక సీటు వైపు చూస్తూ తెలుగులో మొదలుపెట్టాడు. ఇంట్లో అబ్బా మాతో ఉర్దూయే మాట్లాడతాడు. కోపం వచ్చినప్పుడు, నోట్లో లెక్క వేసుకునేటప్పుడు మాత్రం తెలుగు. అది డ్రైవర్ల అలవాటనుకునేదాన్ని.

మనం సయ్యద్‌లం కాదు బిడ్డా, దూదేకులోళ్లం అన్నాడు. మీ తాత దూది ఏకేటోడు, కందుకూరు దిక్కు ఊర్లు తిరిగి పరుపులు కుట్టేటోడు అన్నాడు.

దూదేకుల వాళ్లకు మీలాగే ఇంటిపేర్లుంటాయి, కీర్తనా. మాది సోలిపేట అట. పద్దెనిమిదేళ్లు వచ్చాక నా ఇంటిపేరు నాకు తెలిసింది. అబ్బా పాత లైసెన్సు మీద ఎస్. జహంగీర్ అని ఉంది. ఆ లైసెన్సుతో పాతబస్తీలో పెద్ద మామూ గ్యారేజీలో పనికి వెళ్తే, మామూ చూసి ఎస్ అంటే సయ్యదా అని అడిగాడు. అక్కడ ఇంటిపేర్లు ఉండవు, ఎస్ అంటే వాళ్లకు ఇంకేదీ తట్టదు. అబ్బా హా అన్నాడు.

ఎందుకన్నావు అని అడిగాను. అంతకుముందు పనిచేసిన కాడ నా మాట ఇని నవ్వేటోళ్లు బిడ్డా, అరే దూదేకులోడు కూడా నమాజుకొచ్చిండు, తెలుగుల చదువుతడేమో అని. మామూ అడిగినప్పుడు ఒక్క మాటనే గదా అనుకున్న. రెండేండ్లకు గా మాట మీదనే మీ అమ్మీని ఇచ్చిండ్రు. ఇగ వాపస్ ఎట్ల తీసుకుంట అన్నాడు. తర్వాత గేరు వేసి, నీకు సీటు వద్దంటే గిక్కడికెళ్లి తిరిగి పోదాం అన్నాడు. నేను ఏమీ అనలేదు. కాసేపు చూసి ముందుకే పోనిచ్చాడు. నేను మాట్లాడకపోవడం వల్ల జరిగిన పనుల్లో ఇదొకటి.

కందుకూరు దాటి, హైవే దిగి లోపలికి వెళ్తే ఊరు. అబ్బా అక్క అక్కడ ఉంటుంది. ఆమె పేరు లాల్‌బీ. అబ్బాకు అక్క ఉన్నట్టు మా ఇంట్లో ఎవరికీ తెలియదు. గడప మీద నిలబడి ఏమ్రా సయ్యద్ సాబ్, తొవ్వ తప్పినవా అంది. అబ్బా నవ్వాడు. ఏటా పీర్ల పండుగకు ట్రిప్పు పేరు చెప్పి అక్కడికి వెళ్లి వస్తాడని అప్పుడు అర్థమైంది. ఆమె నన్ను పైనుంచి కిందికి చూసి, గిదేనా డాక్టరమ్మ, మా అమ్మ ముక్కే వచ్చింది గదరా అంది. నేను సలాం చెప్పి ఫుప్పూ అని పిలిచాను. ఫుప్పు గిప్పు వద్దు, అత్తా అను, నాకు గదే సమజయితది అంది.

ఆమెకు ఒక గదిలో దూది ఏకే చిన్న మెషీను ఉంది. మేం వెళ్లేసరికి తలలో, కనుబొమల మీద దూది ఉంది. ఎప్పుడో బీసీ లోను కోసం తీసుకున్న కుల సర్టిఫికెట్ బియ్యం డబ్బాలోంచి తీసి ఇచ్చింది. ఇచ్చేటప్పుడు, అవసరం పడ్డది గాబట్టి పిల్లను తెచ్చినవ్, పడకుంటే నేను సచ్చినంక చూపెడుదువు అంది. అబ్బా ఆ కాగితాన్నే చదువుతున్నట్టు కూర్చున్నాడు. అన్నం పెట్టింది. చింతచిగురు పప్పు. ఆమె మాట్లాడుతూనే ఉంది, మేం తింటూనే ఉన్నాం.

అది చాలదు, అబ్బా చదువుకున్న బడి కాగితం కూడా ఉంటే మంచిదని కొండల్ ఎవరి గురించో చెబుతుండగా విన్నాం కాబట్టి బడికి వెళ్లాం. హెడ్మాస్టర్ మేడమ్ పాత ప్రవేశాల రిజిస్టరు తీయించారు. అట్ట ఊడిపోయి ఉంది. సోలిపేట జహంగీర్, తండ్రి హుస్సేన్, కులం దూదేకుల. అబ్బా ఆ వరుస కింద వేలు పెట్టి చదివి, రాత మా సారుదే మేడమ్ అన్నాడు. ఆవిడ ఫొటో తీసుకోండి అంటే తీయలేదు. నేనే తీశాను.

కాగితం చేతికొచ్చేదాకా అమ్మీకి చెప్పొద్దన్నాడు అబ్బా. మెల్లగ అయిపోతది అన్నాడు. అక్కడే పొరపాటు పడ్డాం. సర్టిఫికెట్ ఇవ్వడానికి ముందు రెవెన్యూ ఆఫీసు గిర్దావర్ ఇంటికి వచ్చి విచారిస్తాడని మాకు తట్టలేదు. మా గిర్దావర్ పేరు గోవర్ధన్. ఆయన శుక్రవారం మధ్యాహ్నం వచ్చాడు. శుక్రవారం పెద్ద మామూ పాతబస్తీ నుంచి మా ఇంటికి భోజనానికి వస్తాడు. తినడానికి దస్తర్‌ఖాన్ గుడ్డ పరిచి ఉంది.

గోవర్ధన్ సార్ గుమ్మంలో నిలబడే ఫైలు తెరిచాడు. బడి కాయితాల మీద సయ్యద్ అని ఉన్నది, దరఖాస్తు మీద దూదేకుల అని ఉన్నది, ఒక్క పిల్లకు రెండు ఎట్లుంటయి, సీటు కోసం కులం మార్చేటోళ్లను మస్తుమందిని చూసిన అన్నాడు. గల్లీలో నలుగురు ఆగారు. మామూ లోపలినుంచే, మీ ఆఫీసులో తప్పు పడి ఉంటుంది, మేం సయ్యద్‌లం, మా పిల్లకు అలాంటి సర్టిఫికెట్ అక్కర్లేదు అన్నాడు. నువ్వెవరు సాబ్ అని అడిగాడు గోవర్ధన్ సార్. పిల్ల మేనమామను అన్నాడు మామూ. మేనమామ కులం నేనేం చేసుకోవాలె, తండ్రిని పిలువుండ్రి అన్నాడాయన.

అబ్బా చెయ్యి కడుక్కుని వచ్చాడు. ఆ నిమిషంలో సార్, తప్పయింది, దరఖాస్తు వాపస్ తీసుకుంట అనేస్తే అయిపోయేది. నేను అలాగే అంటాడనుకున్నాను. అనాలని కూడా కోరుకున్నాను, ఎందుకంటే అమ్మీ పరదా పక్కన నిలబడి ఉంది. అబ్బా తెలుగులో, నేను దూదేకులోన్నే సార్, సయ్యద్ అన్నది అబద్ధం, చెప్పింది నేనే, వీళ్లకెవ్వరికి తెల్వదు అన్నాడు. మామూకి తెలుగు బాగానే వచ్చు.

గట్లయితే నీ చేత్తోని రాసియ్యి అన్నాడు గోవర్ధన్ సార్. నేను రాస్తానంటే ఒప్పుకోలేదు. అబ్బా గుమ్మంలో కూర్చుని తెలుగులో రాశాడు. ఎనిమిది వరుసలకు చాలాసేపు పట్టింది. సాక్షి సంతకానికి ఎదురు కిరాణా కొట్టు మొగులయ్య వచ్చాడు. ఆయన కళ్లద్దాలు పెట్టుకుని మొత్తం చదివి, ఇన్నేండ్లు జహంగీర్ భాయ్ అని పిలిచి నాలుక తిరగక సచ్చిన, ఇగ జాంగీరూ అంట అని సంతకం పెట్టాడు. ఎవరో నవ్వారు. అబ్బా కూడా.

మామూ అప్పటికే చెప్పులు వేసుకున్నాడు. కంచంలో అన్నం అలాగే ఉంది. వెళ్తూ ఒక్క మాట అన్నాడు, పింజారీ అని. ఆ తర్వాత మా ఇంటికి రాలేదు.

అమ్మీ కంచాలు తీసి దస్తర్‌ఖాన్ మడిచింది. సాయంత్రం, ఆ ఊరు ఎంత దూరం అని అడిగింది. ముప్పై అయిదు కిలోమీటర్లు అన్నాను. రిజ్వాన్ పుట్టినప్పుడు నాకు పదిహేను రోజులు జ్వరం, పక్కింటివాళ్లు గిన్నె పంపిస్తే తిన్నాం, ముప్పై అయిదు కిలోమీటర్లలో నాకొక ఆడబిడ్డ ఉందా అంది. నేను కోపం సయ్యద్ గురించి వస్తుందనుకున్నాను. దాని గురించి ఇప్పటిదాకా ఒక్క మాట కూడా అనలేదు. ఆడబిడ్డ గురించే నాలుగు రోజులు అబ్బాతో మాట్లాడలేదు. అయిదో రోజు, ఆమెను తీసుకురా, నేను అడగాల్సినవి ఉన్నాయి అంది. లాల్‌బీ అత్త వచ్చింది. అమ్మీకి తెలుగు అంతంత మాత్రం, అత్తకు ఉర్దూ రాదు. అయినా బగారన్నంలో నీళ్లు ఎన్ని పోయాలో గంటసేపు వాదించుకున్నారు. ఇప్పుడు వారం వారం వస్తోంది.

సర్టిఫికెట్ ఆగస్టులో వచ్చింది. కులం అన్న చోట జాబితాలో ఉన్న పేర్లన్నీ వేస్తారు: దూదేకుల, లద్దాఫ్, పింజారి లేదా నూర్‌బాష్. ప్రభుత్వ ముద్ర కింద ఆ మాట చూసి నేను నిఘంటువు తీశాను. దూది ఏకేవాడు అని ఉంది. అంతే. కింద తిట్టు అని కూడా లేదు.

మనం ఆ మాట అనేవాళ్లం, గుర్తుందా. నాలుగో క్లాసులో ఎవరు పెన్సిలు ఇవ్వకపోతే వాళ్లు పింజారీ. అబ్బా కార్లోనే బడికి వెళ్తూ వస్తూ అన్నాం. నువ్వు నన్ను అన్నావు, నేను నిన్ను ఎక్కువసార్లు అన్నాను. అబ్బా పాటల సౌండు పెంచేవాడు.

అందుకని జూన్‌లో మీ మేడ మీద నేను చెప్పింది నాకు తెలిసిన నిజం. అది తప్పని జూలైలో తెలిసింది. జూలై నుంచి సెప్టెంబరు దాకా నీకు చెప్పకపోవడం మాత్రం నా తప్పు. చూశావా, నేనన్నానా కోటా ఉందని అంటావని చెప్పలేదు. నువ్వు అని ఉండేదానివి కాదేమో. నీకు ఆ అవకాశం ఇవ్వకుండా నేనే అనేసుకున్నాను. నువ్వు పుట్టిన ఊరికి నువ్వు చెందవని ఎవరో రాసి ఇచ్చిన రోజుల్లో నీ పక్కన కూర్చోవాల్సింది. నాకు కొత్తగా దొరికిన కాగితాన్ని దాచుకుంటూ తిరిగాను.

మొన్న నాకు సీటు వచ్చింది. మహబూబ్‌నగర్, గవర్నమెంటు కాలేజీ. అబ్బా ఎయిర్‌పోర్టు పార్కింగులో డ్రైవర్లందరికీ డబుల్ కా మీఠా పంచాడు. మా కులం కాయితం తోటే నా బిడ్డ డాక్టరయితుంది, ఇరవై ఏండ్లు దాచినోన్ని నాకంటే గాడిద లేడు అని ప్రతి ఒక్కరికీ చెప్పాడట. కొత్త విజిటింగ్ కార్డులు కొట్టించాడు, సోలిపేట జహంగీర్, కార్ డ్రైవర్ అని. ఒకటి ఇందులో పెడుతున్నాను. అత్తకు ఇస్తే చదువు రాదు కాబట్టి వాసన చూసి దాచుకుంది.

నువ్వు బాగా చదువు. ఆల్ ఇండియా సీట్లకు లోకల్ అడగరు. నీ మార్కులు నాకన్నా ఎప్పుడూ ఎక్కువే. జవాబు రాయాలని లేదు. కోపం తగ్గకపోతే తగ్గినప్పుడే రాయి.

మూడో బెంచీలో కిటికీ వైపు నీకు వదిలిన,
నబీలా

తా.క. ఉత్తరం మడిచాక మళ్లీ విప్పాను. రాయాల్సింది ఇంకా రాయలేదు.

సీట్ల కేటాయింపు జాబితా అంకుల్ దగ్గర ఉండే ఉంటుంది. మెరిట్ జాబితా కాదు, దాని తర్వాతది. అందులో నా వరుసలో చివరి గడి ఉంటుంది, సీటు ఏ కోటాలో వచ్చిందో అక్కడ వేస్తారు. నా గడిలో ఓసీ అని ఉంది. నా ర్యాంకు ఓపెన్‌లోనే వచ్చేసింది. నా తర్వాత ఇంకో పదకొండు మందికి కూడా వచ్చింది. సర్టిఫికెట్ లేకపోయినా, సయ్యదా నబీలాగా వెళ్లినా ఇదే సీటు, ఇదే కాలేజీ.

ఆర్డరు చదివి చెప్పమని అబ్బా అడిగితే కాలేజీ పేరు, చేరాల్సిన తేదీ చదివాను. ఆ గడి చదవలేదు. ఇంట్లో ఎవరికీ తెలియదు. నాకు కోటా అక్కర్లేకపోయిందని నీకు చెప్పుకోవడానికి ఇది రాయడం లేదు. అందుకైతే మొదటి పేజీలోనే రాసేదాన్ని.

పద్నాలుగో తారీఖు మంగళవారం ఢిల్లీ విమానానికి అంకుల్ అబ్బా కారు మాట్లాడుకున్నారు. ఇది నీకు గురువారానికి అందాలి. పన్నెండో తారీఖు ఆదివారం ఫోన్లో నీ పది నిమిషాల్లో ఒక్క నిమిషం నాకోసం తీసి, ఆ గడి మాట అబ్బా దగ్గర ఎత్తొద్దని అంకుల్‌కి చెప్పు. అంకుల్ అబద్ధం ఆడరని నాకు తెలుసు. ఆడక్కర్లేదు. అబ్బా ఏమీ అడగడు, తనే చెప్తాడు, మా కులం కాయితం తోటే మా బిడ్డకు సీటొచ్చింది సార్ అని. అప్పుడు అంకుల్ కాసేపు కిటికీ బయటకు చూస్తే చాలు.